రూపము కాదు, పరిమళము

పఠనభాగము: ఆదికాండము 27:18–29, 32:24–30
ధ్యానాంశము: 2 కొరింథీయులకు 2:14–16

దక్షిణ అండమాను ద్వీపములో, 2024వ సంవత్సరమున శ్రీ విజయపురమని పేరు మార్చబడిన పోర్ట్ బ్లేయర్ రేవునకు ఎదుట, నీటికి ఆవల బాంబూఫ్లాట్ అను ఊరు గలదు. చాథాము వద్ద పడవ ఎక్కినవారు కొద్ది నిమిషములలోనే అక్కడ దిగుదురు. ఈ ద్వీపములలో స్థిరపడిన తెలుగువారిలో అనేకుల కుటుంబములు శ్రీకాకుళము, విశాఖపట్నము ప్రాంతములనుండి జీవనోపాధికై సముద్రము దాటి వచ్చినవే. క్రొత్త ఊరికి చేరినవానికి క్రొత్త ఆరంభము దొరకును. అతని గతమును ఎరిగినవారు అచ్చట లేరు. అతడు తన్ను ఎట్లు కనుపరచుకొనునో అట్లే జనులు అతనిని ఎంచుదురు. అయితే దేవుడు అతనిని ఎట్లు ఎంచును?

సోమరి బుద్ధి తెచ్చుకొనుటకు జ్ఞానియైన సొలొమోను అతనిని చీమలయొద్దకు పంపెను. ఈ ప్రశ్నకు జవాబు వెదకుటకు మనమును అక్కడికే వెళ్లుదము.

అండమాను చెట్లమీదను, ఆంధ్రదేశపు మామిడి తోటలలోను, ఆకులను కూర్చి గూడు కట్టు ఎర్రచీమలు గలవు. కొన్ని చీమలు బారులుతీరి ఆకుల అంచులను దగ్గరకు లాగి పట్టుకొనును. మరికొన్ని గూటిలోని పిల్లపురుగులను నోట కరచుకొని వచ్చి, వాటినుండి వెలువడు పట్టుదారముతో ఆ అంచులను అతికించును. తెలియక ఆ కొమ్మమీద చెయ్యి వేసినవానికి వాటి కాటు ఎట్టిదో వేరుగా చెప్పనక్కరలేదు. పురుగులను తిను జీవులలో అనేకములు వాటి జోలికి పోవు.

భారతదేశమందును, శ్రీలంకయందును, ఆగ్నేయాసియా దేశములయందును ఈ చీమలు తిరుగు చోట్ల వాటివలెనే కనబడు మరియొక ప్రాణి గలదు. అది చీమ కాదు, సాలెపురుగు. వల పన్నక దుముకుచు తిరుగు జాతికి చెందినది. 1869లో దీనిని శాస్త్రలోకమునకు వర్ణించి చెప్పినవాడు ఇంగ్లాండులోని బ్లాక్స్‌వర్త్ గ్రామపు సంఘకాపరియైన ఆక్టేవియస్ పికార్డ్ కేంబ్రిడ్జి. సాలెపురుగు దేహము రెండు భాగములు. చీమ దేహము మూడు. అయినను ఈ పురుగు దేహము నడుమ నొక్కబడి మూడు భాగములవలె కనబడును. రంగు అదే ఎరుపు. తలకు ఇరుప్రక్కల చీమ కన్నులను పోలిన నల్లని మచ్చలు. చీమకు కాళ్లు ఆరు, సాలెపురుగునకు ఎనిమిది. గనుక ఇది ముందరి రెండు కాళ్లను పైకెత్తి, చీమ మీసములవలె ఆడించుచు నడచును. చీమకు జడియు శత్రువు దీనినిచూచియు తొలగిపోవును.

కాని చీమలు తమవారిని రూపముచేత గుర్తించవు, వాసనచేత గుర్తించును. ఒక్క గూటిలో కలిసి బ్రదుకుచు, ఒకదానినొకటి తాకుచు, ఆహారము పంచుకొనుచుండుటవలన ఆ గూటి వాసన అందలి ప్రతి చీమకును అంటును. ఈ సాలెపురుగు చీమల ప్రక్కనే తిరుగును గాని వాటి సహవాసములో చేరదు. చీమ సమీపించినప్పుడు ఇది తప్పించుకొని పోవును. దారము విడిచి క్రిందికి జారును. చీమపిల్లల దారము అందరి యింటికొరకు. దీని దారము తన ఒక్కదాని మరుగుకొరకే.

ఈ అల్పజీవియందు దోషమేమియు లేదు. అది సృష్టికర్త దానికిచ్చిన కాపుదల. అయితే మనుష్యుడు అట్టి వేషమును ధరించినయెడల ఏమగును? ఆదివారమున తెల్లని వస్త్రము, చేత బైబిలు, నోట కీర్తన, ప్రార్థనలో పెద్దలవద్ద నేర్చిన మాటలు. ఒక్క అవయవమైనను లోపము లేదు. కాని ఒక సహోదరుడు దగ్గరకు వచ్చి, నీ ఆత్మ క్షేమముగా నున్నదా అని అడిగినప్పుడు అతడు ప్రక్కకు తొలగును. ఇది ఎల్లప్పుడు కపటమే కాదు. అనేక పర్యాయములు అది భయము. ఉన్నవానిని ఉన్నట్లుగా ఎరిగినయెడల త్రోసివేయుదురేమోయను భయము.

యాకోబు మేకపిల్లల తోళ్లు చేతులకు చుట్టుకొని, అన్న వస్త్రములు ధరించి తండ్రియెదుట నిలిచెను. ఇస్సాకు తడవి చూచెను, వాసన చూచెను. ఆ వాసన కుమారునిది కాదు, వస్త్రములది. నీవెవడవని తండ్రి అడుగగా, ఏశావునని పలికి దీవెన పొందెను. కాని ఆ దీవెనతో ఆ యింట నిలువలేక పారిపోయెను. ఇరువది సంవత్సరములకు తరువాత యబ్బోకు రేవున, చీకటిలో అతనితో పెనుగులాడినవాడు అతని పేరడిగెను. అప్పుడు అతడు, యాకోబునని ఒప్పుకొనెను. వేషము విడిచిన ఆ రాత్రియే అతనికి క్రొత్త పేరు కలిగెను.

సాలెపురుగు ఎన్ని తరములు చీమను పోలి నడచినను చీమ కాజాలదు. మనుష్యునికో, క్రీస్తు నీకొదేముతో పలికిన క్రొత్త జన్మము గలదు. బయటివాడు ఇంటివాడగుటకు త్రోవ అదే. అట్లు ఇంటివాడైనవానికి ఆ యింటి పరిమళము దినదినము అంటును; అది నేర్చుకొనిన నడకవలన కాదు, ప్రభువునందు నిలిచి, ఆయన ప్రజలతో రొట్టె పంచుకొని బ్రదుకుటవలన.

ఈ మాట పొరుగువానిని శోధించుటకు కాదు. గోధుమలను గురుగులను వేరుచేయు పని కోతకాలమందు ప్రభువు పంపు దూతలది. ప్రియ చదువరీ, సముద్రము దాటి వచ్చితివో, పుట్టిన ఊరనే యున్నావో, నేడు ఆయన నీ పేరు అడుగుచున్నాడు. ఉన్నది ఉన్నట్లు చెప్పుము. ఆయనకు ముందే తెలియును. అయినను ఆయన నిన్ను విడిచి వెళ్లలేదు.

ప్రార్థన: హృదయములను ఎరిగిన ప్రభువా, భయముచేత మేము ధరించిన వేషమును నీయెదుట విడుచుచున్నాము. మమ్మును నీ యింటివారినిగా చేసి, నీ పరిమళముతో నింపుము. ఆమేన్.