టిక్కెట్టు అడిగిన అమ్మాయి

1923, కాకినాడ కాంగ్రెస్ మహాసభలు. ఖాదీ ప్రదర్శన గుమ్మం దగ్గర వాలంటీరుగా నిలబడిన చిన్నపిల్ల దుర్గాబాయి, టిక్కెట్టు లేదని సాక్షాత్తూ నెహ్రూనే ఆపేసింది. నిర్వాహకులు టిక్కెట్టు కొనిచ్చాకే లోపలికి వదిలింది. ఆ నిక్కచ్చితనం ఆమెను చివరిదాకా వీడలేదు. బాల్యవివాహాన్ని కాదనుకుని, జైళ్లకెళ్లి, ఆగిన చదువు మళ్లీ అందుకుని లాయరయ్యారు. 1937లో మద్రాసులో ఆంధ్ర మహిళా సభ పెట్టి, చదువు మానేసిన ఆడవాళ్లను పరీక్షలకు కూర్చోబెట్టారు. అంతటితో ఊరుకోలేదు, నాకు మరీ గౌరవం కలిగేది ఇక్కడే. 1953లో చైనా వెళ్లినప్పుడు కుటుంబ న్యాయస్థానాలు చూసొచ్చి, మనకూ కావాలని నెహ్రూతో, న్యాయమూర్తులతో చర్చించారు. ఆమె 1981లో కన్నుమూశారు. కుటుంబ న్యాయస్థానాల చట్టం 1984లో వచ్చింది. మనోవర్తి కేసులు, పిల్లలు ఎవరి దగ్గరుండాలన్న తగాదాలు ఇప్పుడు ఆ కోర్టుల్లో నడుస్తున్నాయి.