పని పెరిగినప్పుడు మన చేయి ఎక్కడ ఉండవలెను?

ధ్యానమునకు: నిర్గమకాండము 18:13–26, అపొస్తలుల కార్యములు 6:1–7



ఒకడు చిన్న కొట్టు పెట్టును. సరుకు తెచ్చువాడు తానే, తక్కెడ పట్టువాడు తానే, పద్దు వ్రాయువాడు తానే. వేరొకడు లేడు గనుక అది తగినదే. ఒక కొట్టు మూడు కొట్లయిన పిమ్మటను అతడు తక్కెడ విడువనియెడల, ఆ వ్యాపారము అతని చేతి పొడవుకు మించి పెరుగదు. ఇక అతని పొద్దు నమ్మకమైనవారిని వెదకుటకును, వారికి నేర్పుటకును, రేపటి సంగతి ఆలోచించుటకును చెల్లవలెను. దేవుని పనిలోను ఇంతే.

మోషే ఉదయము మొదలు సాయంకాలము వరకు ఒక్కడే కూర్చుండి జనుల తగవులు తీర్చుచుండెను. మామయైన యిత్రో అది చూచి, ఈ పద్ధతి వలన అల్లుడును జనులును కూడ నలిగిపోవుదురని హెచ్చరించెను. ఆయన మోషేను పని మానుమనలేదు, పని మార్చుకొమ్మనెను. జనుల పక్షమున దేవుని సన్నిధిని నిలుచుట, ధర్మము బోధించుట, కఠినమైన తగవులు తీర్చుట మోషేకు మిగిలెను. తక్కినవి వెయ్యిమందికి, నూరుమందికి, ఏబదిమందికి, పదిమందికి ఏర్పడిన పెద్దలకు చెందెను. ఆ పెద్దలకు సామర్థ్యము మాత్రమే చాలదు. దైవభయము, సత్యము, లంచమనిన ఏవగింపు ఉండవలెను.

యెరూషలేములోను ఇట్లే జరిగెను. శిష్యులు విస్తరించినప్పుడు, అనుదిన పంపకములో తమ విధవరాండ్రను మరచిరని గ్రీకు భాష వారు సణిగిరి. అపొస్తలులు ఏడుగురిని ఏర్పరచి, తాము ప్రార్థనకును వాక్యమునకును నిలిచిరి. ఆ ఏడుగురి పేర్లును గ్రీకు పేర్లే. సణిగినవారి చేతికే పని అప్పగింపబడెనని తోచుచున్నది.

మన తెలుగు దేశములో 1867 జనవరి 1న ఒంగోలు సంఘము ఎనిమిది మందితో ఏర్పడెను. 1878 జూలై 3న గుండ్లకమ్మ ఏటిలో 2,222 మంది బాప్తిస్మము పొందిరి. ఒక్క క్లౌ దొరగారి చేతులతో అది జరుగునా? అభిషేకము పొందిన ఆరుగురు బోధకులు, ఒకేసారి ఇద్దరిద్దరుగా నీటిలో నిలిచి ఆ పని జరిగించిరి.

మా తప్పును కూడ ఒప్పుకొనుచున్నాము. గంట కొట్టుట, తాళపుచెవులు, పిడికెడు బియ్యపు లెక్క, అన్నియు మా చేతనే ఉంచుకొంటిమి. ఒకనాడు పక్క పల్లెలోని వృద్ధురాలు ప్రార్థనకై కబురంపెను. లెక్క ముగించి పోవుదమనుకొంటిమి. మేము పోవునప్పటికి ఆమె కన్ను మూసెను. ఆ లెక్క ఏ సంఘపెద్దయైనను చూడగలడు. ఆమె చెంతనుండుట మా పని.

పెద్దలారా, అయ్యగారు రానిదే ప్రార్థన లేదనకుడి. కాపరులారా, ఇతరులు తప్పు చేయుదురని భయపడి పని బిగబట్టకుడి. నేర్పి, అప్పగించి, కనిపెట్టి యుండుడి. ఈ నెలలో ఒక్కొక్కరము ఒక పనిని మరియొకరి చేతిలో పెట్టుదము. అందువలన మిగిలిన గడియను ప్రభువునకును, రోగియొక్క మంచము పక్కకును ఇత్తము. ఆమేన్.