పన్ను బకాయిపై కోర్టుకెక్కడం పాపమా?

పన్ను బకాయి కట్టమని ప్రభుత్వం నోటీసు పంపితే కోర్టుకు వెళ్ళడం క్రైస్తవునికి తగునా అని కొందరు విశ్వాసులు సందేహపడుతుంటారు. కైసరువి కైసరుకే చెల్లించమని ప్రభువు సెలవిచ్చారు గదా! నిజమే. అయితే ఏది కైసరుదో ముందు తేలాలి. పన్నులు చెల్లించమని రోమీయులకు వ్రాసిన పునీత పౌలే, ఫెస్తు ఎదుట నిలబడి కైసరుకు అప్పీలు చేసుకున్నాడు. చట్టం అధికారం లేనిదే ఏ పన్నూ వేయరాదనీ, వసూలు చేయరాదనీ మన రాజ్యాంగం 265వ అధికరణం చెబుతోంది. అడగడం ధిక్కారం కాదు.

పన్ను వ్యాజ్యాలలో మనవారిదే ఒకటి చూడండి. ఎయిడెడ్ పాఠశాలల్లో బోధించే మఠకన్యల, గురువుల జీతం పేదరిక వ్రతం వలన వారి సభకే చేరుతుంది. 1944 నాటి సర్క్యులర్ ఆధారంగా ఏళ్ళ తరబడి అందులోంచి పన్ను కోయలేదు. తర్వాత కోయమన్నారు. మద్రాసు హైకోర్టు ధర్మాసనం 2019లో పన్నుల శాఖనే సమర్థించింది. 2024 నవంబరు 7న సుప్రీంకోర్టు కూడా అప్పీళ్ళను కొట్టివేసింది. జీతం అందుకున్నది వ్యక్తి. దానిని ఎవరికిచ్చారన్నది తర్వాతి మాట. ఇది కష్టంగానే తోచింది, నాకూ తోచింది. అయినా దాపరికం లేకుండా అడిగిన ప్రశ్న అది.

బాకీ నిజమని తెలిసీ స్టే కోసం పరుగెత్తడం వేరు. ఆదాయపు పన్ను వివాదంలో 20 శాతం కడితే, మొదటి అప్పీలు తేలేవరకు మిగతా వసూలు సాధారణంగా ఆపుతారు. నిజమైన సందేహం ఉన్నవానికి అది న్యాయం. లేనివానికి ఆ 80 శాతం వ్యాపారంలో తిప్పుకొనే పెట్టుబడి! ఓడితే నెలకు 1 శాతం వడ్డీతో కడతాను, ప్రభుత్వానికి నష్టమేమిటని అతడు వాదిస్తాడు. ఈ ఏడు సర్కారు ఆసుపత్రిలో మందు దొరకని రోగికి ఆ వడ్డీ ఎప్పుడు అందుతుంది?