శరణు అడగకముందే తలుపు తీశారు



గురువారం వీడియోలో విభీషణ శరణాగతి చెప్పుకున్నాం కదా. చివర్లో నేను "దీనికి సరిగ్గా అతికే కథ ఒకటి డెన్మార్క్‌లో ఉంది, టైం లేదు, రాసి పెడతాను" అని వదిలేశాను. రామాయణం చెప్పుకునేవాడికి డెన్మార్క్‌తో పనేంట్రా అని మా అమ్మే అడిగింది. చదివాక మీరే చెప్పండి పని ఉందో లేదో.

వీడియో చూడనివాళ్ల కోసం రెండు ముక్కలు. విభీషణుడు నలుగురు అనుచరులతో సముద్రం దాటి వచ్చి ఆకాశంలో నిలబడ్డాడు. రాముడి దగ్గర శరణు కావాలన్నాడు. సుగ్రీవుడు వద్దన్నాడు. వీడు రావణుడి తమ్ముడు, గూఢచారి అయ్యుంటాడు, చంపేద్దాం అన్నాడు. సుగ్రీవుడిని తప్పు పట్టడానికి లేదు, యుద్ధం ముందు ఏ సేనాపతైనా అదే అంటాడు. హనుమంతుడు మాత్రం ఆ వచ్చినవాడి ముఖం చూశాడు, గొంతు విన్నాడు, ఇతనిలో మోసం లేదన్నాడు. చివరికి రాముడు, వచ్చినవాడు విభీషణుడు కాదు రావణుడే అయినా సరే, అభయం ఇచ్చేశాను తీసుకురా అన్నాడు. అంతటితో ఆపలేదు. తన భార్యను పట్టిన వేటగాడు ఆకలితో తన చెట్టు కిందకు వస్తే, ఒంటి మాంసమే పెట్టిన పావురం కథను కూడా గుర్తుచేశాడు. ఒక పక్షికే అంత ధర్మం ఉంటే మనకెంత ఉండాలి అని.

ఇప్పుడు 1943 సెప్టెంబర్ 28, కోపెన్‌హేగన్‌కి రండి.

అప్పటికి డెన్మార్క్ హిట్లర్ సైన్యం చేతిలో పడి మూడేళ్లు దాటింది. 1940 ఏప్రిల్ 9 తెల్లవారుజామున జర్మన్లు వచ్చారు, కొన్ని గంటల్లోనే డెన్మార్క్ లొంగిపోయింది. ఇందులో వీరగాథ ఏమీ లేదు. రాజు ఉన్నాడు, ప్రభుత్వం ఉంది, పోలీసులు ఉన్నారు, అందరూ జర్మన్లతో సర్దుకుపోయారు. కాకపోతే ఒక్క విషయంలో గట్టిగా నిలబడ్డారు: మా యూదులు మా పౌరులు, వాళ్ల జోలికి రావద్దు. మిగతా ఐరోపాలో రైళ్ల నిండా యూదులను తరలిస్తుంటే ఇక్కడ దాదాపు 8 వేల మంది యూదులు మామూలుగా ఉద్యోగాలకు వెళ్లి వస్తున్నారు.

ఇక్కడ ఒక మాట. యూదులు పసుపు నక్షత్రం పెట్టుకోవాలని జర్మన్లు అంటే డెన్మార్క్ రాజే ముందు పెట్టుకున్నాడని వాట్సాప్‌లో ఒక కథ తిరుగుతుంది. నేనూ ఒకసారి ఫార్వర్డ్ చేశాను, ఒప్పుకుంటున్నాను. అది జరగలేదు. డెన్మార్క్‌లో ఆ నక్షత్రం పెట్టుకోమన్న ఆదేశమే రాలేదు. నిజంగా జరిగింది దానికన్నా బాగుంటుంది.

1943 ఆగస్టులో జనం సహనం తెగింది. ఊరి తర్వాత ఊరు సమ్మెలోకి దిగింది, రైలు పట్టాలు పేలాయి. ఆగస్టు 29న జర్మన్లు సైనిక శాసనం పెట్టారు, ప్రభుత్వం తప్పుకుంది, డెన్మార్క్ నావికాదళం తన ఓడలను తానే ముంచేసుకుంది, శత్రువు చేతికి పోకూడదని. అడ్డుగా ఉన్న ప్రభుత్వం పోయింది కాబట్టి ఇక యూదుల వంతు అని బెర్లిన్ నుంచి ఆదేశం వచ్చింది. అక్టోబర్ 1 రాత్రి ముహూర్తం. యూదుల కొత్త సంవత్సరం పండుగ రోజులు అవి. అందరూ ఇళ్లలోనే ఉంటారని లెక్క.

ఇదిగో, ఇక్కడ మన విభీషణుడు వస్తాడు.

పేరు గెయోర్గ్ డక్‌విట్జ్. జర్మన్. నాజీ పార్టీలో 1932లోనే చేరినవాడు. కోపెన్‌హేగన్‌లో జర్మన్ రాయబార కార్యాలయంలో ఓడల వ్యవహారాలు చూసే అధికారి. పై అధికారి నోటి నుంచి సంగతి తెలిసింది. బెర్లిన్ వెళ్లి ఆపడానికి చూశాడు, కుదరలేదు. స్వీడన్ వెళ్లి ఆ దేశ ప్రధానిని కలిశాడు. చివరికి 28వ తేదీ సాయంత్రం డెన్మార్క్ సోషల్ డెమోక్రాట్ నాయకుడు హాన్స్ హెడ్‌టాఫ్ట్ దగ్గరికి వచ్చి తేదీతో సహా చెప్పేశాడు. బయటపడితే ప్రాణం పోయే పని అది.

ఒక్క తేడా గమనించండి. విభీషణుడు లంక వదిలి వచ్చేశాడు. ఈయన అక్కడే, ఆ కుర్చీలోనే కూర్చుని ఈ పని చేశాడు.

మరి ఎదురుగా ఉన్నది నాజీ. నమ్మాలా వద్దా? ఇది మమ్మల్ని బయటికి లాగే ఎత్తు అయితే? సుగ్రీవుడి అనుమానమే. హెడ్‌టాఫ్ట్ నమ్మాడు. పరుగున యూదు సమాజం పెద్ద హెన్రిక్వెస్ దగ్గరికి వెళ్లాడు. ఆయన నమ్మలేదు! మూడేళ్లు ఏమీ కాలేదు కదా, ఇప్పుడెందుకు అవుతుంది? మన ఇంట్లో పెద్దవాళ్లు కూడా ఇలాగే అంటారు. ఆ మాటలో మూర్ఖత్వం లేదు, అలవాటు ఉంది. చివరికి ఒప్పుకున్నారు. 29 ఉదయం రబ్బీ మార్కుస్ మెల్కియోర్ ప్రార్థనకు వచ్చినవాళ్లకు చెప్పారు: ఈ రోజు ప్రార్థన లేదు, అందరూ వెళ్లి తెలిసినవాళ్లందరికీ కబురు చేయండి, దాక్కోండి.

గడువు మూడు రోజులు. దాక్కోవడం ఎక్కడ?

నేను మీకు ఈ కథ చెప్పాలనుకున్నదే ఈ ముక్క కోసం. విభీషణుడు వచ్చి అడిగాడు, రాముడు ఇచ్చాడు. ఇక్కడ చాలామంది అడగలేదు. ఎవరిని అడగాలో కూడా వాళ్లకు తెలియదు. ఇచ్చేవాళ్లే వెతుక్కుంటూ వెళ్లారు. ఒక అంబులెన్స్ డ్రైవర్ టెలిఫోన్ డైరెక్టరీ తీసుకుని, యూదుల పేర్లలా అనిపించిన ప్రతి పేరు చుట్టూ సున్నా చుట్టి, ఆ ఇళ్లకు బండి వేసుకుని వెళ్లి చెప్పాడని రికార్డయి ఉంది. వాళ్లెవరూ అతనికి తెలియదు. బిస్పెబ్యెర్గ్ ఆసుపత్రిలో వందల మందిని వేరే పేర్లతో రోగులుగా చేర్చుకున్నారు. నర్సుల క్వార్టర్లు నిండిపోయాయి. కొంతమందిని శవయాత్ర వేషంలో బయటికి తెచ్చారు.

ఆ రాత్రి జర్మన్ పోలీసులు తలుపులు కొట్టారు. దేశం మొత్తం మీద 300 మంది కూడా దొరకలేదు.

అక్టోబర్ 2న స్వీడన్ రేడియోలో ప్రకటించింది, ఎవరొచ్చినా తీసుకుంటామని. మధ్యలో ఓరెసుండ్ జలసంధి. హెల్సింగోర్ దగ్గర వెడల్పు 4 కిలోమీటర్లే, అవతలి గట్టు దీపాలు కనిపిస్తాయి. ఆ ఊళ్లో ఒక పోలీసు, ఒక విలేకరి, ఒక పుస్తకాల బైండర్ కలిసి 'కుట్టుపని క్లబ్' అని పేరు పెట్టుకుని జనాన్ని దాటించారు. పడవల్లో చేపల కింద, టార్పాలిన్ల కింద మనుషులు. 3వ తేదీ ఆదివారం చర్చిల్లో బిషప్పుల లేఖ చదివారు: యూదులను వేధించడం మా మతానికి విరుద్ధం, మా అన్నదమ్ముల పక్షాన నిలబడతాం అని. వాళ్ల వేదిక మీద వాళ్లు ఆ మాట అన్నారు. మన వేదిక మీద మనం ఏం అంటున్నామో నేను ఈ మధ్య తరచుగా ఆలోచిస్తున్నాను.

సుమారు 7,200 మంది యూదులు, వాళ్ల కుటుంబాల్లోని మరో 700 మంది ఇతరులు కొన్ని వారాల్లో దాటిపోయారు.

ఇంతవరకు చెప్పి ఆపితే మీరు కామెంట్లలో దండాలు పెడతారు. కానీ మిగతాది కూడా చెప్పాలి. జాలర్లు డబ్బు తీసుకున్నారు. తలకు వెయ్యి క్రోనర్ల దాకా, మొదట్లో కొందరు అంతకు ఎన్నో రెట్లు. లేనివాళ్ల కోసం ఊరివాళ్లు చందాలు పోగుచేశారు. జర్మన్ సైన్యం కూడా డెన్మార్క్‌లో అంత పట్టుదలగా వెతకలేదు. గిలెలై ఊళ్లో చర్చి అటక మీద దాక్కున్న సుమారు 80 మంది పట్టుబడిపోయారు. కొందరు నీళ్లలో మునిగిపోయారు. యుద్ధకాలంలోనే కొందరు యూదు శరణార్థులను డెన్మార్క్ అధికారులే జర్మనీకి తిప్పి పంపారు, 2005లో ఆ దేశ ప్రధాని దానికి క్షమాపణ చెప్పారు.

డబ్బు తీసుకుంటే ధర్మం ఎలా అవుతుందని మా కెమెరా చూసే తమ్ముడు అడిగాడు. నాకు అనిపించింది చెబుతాను. పడవ పోతే ఆ జాలరికి బతుకే పోతుంది, కాబట్టి కొంత అడగడం నాకు అర్థమవుతుంది. భయాన్ని చూసి ధర పెంచినవాడిది మాత్రం వ్యాపారమే. కానీ ఆ పడవ ఎక్కిన పిల్లకు రెండూ ఒకటే గట్టుకు చేర్చాయి. రాముడి స్థాయి రానివాళ్ల చేత కూడా రక్షణ జరుగుతుంది. అది నాకు ధైర్యం, మీకెలా ఉందో తెలియదు.

ఎందుకు ధైర్యం అంటే, కోవిడ్ రోజుల్లో మా అపార్ట్‌మెంట్‌లో ఒక నర్సు అద్దెకు ఉండేది. ఖాళీ చేయించాలని మీటింగ్ పెట్టారు. నేను వెళ్లాను. ఇదే శరణాగతి ఘట్టం మీద అప్పటికి నాలుగు వీడియోలు చేసి ఉన్నాను. ఒక్క మాట మాట్లాడలేదు. ఆమె రెండు సూట్‌కేసులు తీసుకుని ఆటో ఎక్కుతుంటే బాల్కనీ నుంచి చూశాను. ఆ టెలిఫోన్ డైరెక్టరీ అబ్బాయి గురించి చదివినప్పుడల్లా నాకు ఆ ఆటోనే గుర్తొస్తుంది.

దొరికిపోయిన సుమారు 470 మందిని టెరెజిన్‌స్టాట్ శిబిరానికి పంపారు. డెన్మార్క్ అధికారులు వాళ్లను మర్చిపోలేదు. మావాళ్లు ఎలా ఉన్నారని అడుగుతూనే ఉన్నారు, పార్సిళ్లు పంపుతూనే ఉన్నారు. 50 మంది దాకా అక్కడే చనిపోయారు. మిగిలినవాళ్లను 1945 ఏప్రిల్‌లో తెల్ల రంగు వేసిన బస్సుల్లో తీసుకొచ్చారు.

యుద్ధం అయ్యాక ఇళ్లకు తిరిగొచ్చినవాళ్లలో కొందరికి ఇల్లు పోయింది, అందులో ఇంకెవరో ఉన్నారు. ఎంతోమందికి మాత్రం ఇల్లు ఇల్లులాగే ఉంది. కోపెన్‌హేగన్ నగరపాలక సిబ్బంది సామాన్ల జాబితా రాసి, చాలా ఇళ్లకు అద్దె కూడా కట్టి ఉంచారు. పక్కింటివాళ్లు కుండీలకు నీళ్లు పోశారు. యూదుల పవిత్ర గ్రంథం తోరా చుట్టలను ఒక చర్చిలో దాచి ఉంచారు. వాటిని తీసుకెళ్లి మళ్లీ వాళ్ల మందిరంలో పెట్టుకున్నారు.

వచ్చే గురువారం సేతుబంధనం. ఉడుత గురించి అడిగినవాళ్లకు ఆ రోజే జవాబు.