దిగిపోయే నీరు, దిగని నీరు

పాపికొండల కింద గోదారి ఒడ్డున పుట్టినవాళ్ళందరూ ఎప్పుడో ఒకప్పుడు వినే మాట ఒకటుంది. "మీ ఊరు ఎలాగూ వరదకు మునిగేదే కదా, ఖాళీ చెయ్యడానికి అంత బాధెందుకు?" టౌనులో చదువుకునే రోజుల్లో నేనూ విన్నాను. అప్పుడు జవాబు తోచలేదు. మొన్న బడిలో అదే ప్రశ్న మా కొండరెడ్ల పిల్లవాడే అడిగాడు. పునరావాస కాలనీలో పెరిగినవాడు. వాడికోసమే ఇది రాస్తున్నాను.

వరద మాకు కొత్త కాదు. 1986 ఆగస్టులో భద్రాచలం దగ్గర గోదారి 75.6 అడుగులకు వచ్చింది. 2022 జూలైలో మళ్ళీ 71 అడుగులు దాటింది. 86లో గింజల మూట, కోళ్ళ గంప నెత్తిన పెట్టుకుని కొండెక్కామని అమ్మమ్మ చెప్పేది. నీరు తీశాక దిగివచ్చి, ఇంట్లో మోకాలిలోతు ఒండ్రు ఎత్తిపోసుకున్నారట. కోపంగా చెప్పేది కాదు. అల్లరి చేసి వెళ్ళిన చుట్టం గురించి చెప్పినట్టు చెప్పేది. పోలవరం నీరు అలాంటిది కాదు. 45.72 మీటర్ల మట్టానికి నిలబెట్టాలని కడుతున్న కట్ట అది. వరదకు కొండెక్కినవాడికి దిగే రోజు ఉంటుంది. దీనికి లేదు.

పరిహారం ఇస్తున్నారు కదా అంటారు. 2013 చట్టం భూమికి, ఇంటికి, చెట్టుకి విలువ కడుతుంది. కట్టాల్సిందే, ఒక్క రూపాయి కూడా వదులుకోకూడదు. అయితే విలువ కట్టేటప్పుడు అడిగే మొదటి ప్రశ్న "ఇది ఎవరిది?" అని. అక్కడే మాకు నోరు పెగలదు. కొండమీద జీలుగు చెట్టుకు పట్టా ఉండదు. దాని కల్లు తాగి ఎండాకాలం గడిపాం, కరువులో దాని మొవ్వ దంచి పిండి తిన్నాం. మామిడి టెంకలోని జీడిని వాగునీటిలో నానబెట్టి వగరు పోగొట్టి అంబలి కాచుకున్నాం. అది ఎవరి మామిడో ఎవరూ అడగలేదు.

ఇంకొక సంగతి. మామిడి కొత్త పండుగ చేసేదాకా మావాళ్ళు మామిడికాయ ముట్టరు. సొంత పెరట్లో కాసినా సరే. అంటే మా పెద్దవాళ్ళకు "మాది" అంటే అమ్ముకోగలిగినది కాదు, అడిగి తినవలసినది. పట్టా ఉన్నవాడి హక్కు తీసుకోవడంలో కనబడుతుంది. వీళ్ళ హక్కు ఆగడంలో ఉంది. ఆగినదాన్ని ఏ రిజిస్టరులో రాస్తారు? 2006 అటవీ హక్కుల చట్టం ఉమ్మడి హక్కును గుర్తించింది గానీ, దానికీ కాగితం మనమే పెట్టుకోవాలి.

పాత ఊరు స్వర్గమని నేననను. హైమన్‌డార్ఫ్ కొండరెడ్ల మీద 1945లో అచ్చువేసిన పుస్తకం చూడండి, వెదురు, కలప కాంట్రాక్టర్ల అప్పుల్లో మావాళ్ళు ఎలా చిక్కుకున్నారో తెలుస్తుంది. రాత్రిపూట పురుటినొప్పులు వస్తే పడవ దొరికితేనే ఆసుపత్రి. కాలనీలో రోడ్డుంది, కరెంటుంది. అవి కావాలనుకోవడం తప్పా అని ఆ పిల్లవాడు అడిగాడు. తప్పు కాదురా అన్నాను. రోడ్డు కావాలంటే ఊరు వదలాలి అని షరతు పెట్టడమే తప్పు. దిగువన పొలాలకు నీరు అందడం మంచిదే, కాదనను. కానీ పదిమంది మేలుకోసం అన్నప్పుడల్లా ఆ పదిమందిలో మనం ఉండం. పోగొట్టుకున్నదాన్ని తూచే తక్కెడ కూడా మేలు పొందేవాళ్ళ చేతిలోనే ఉంటుంది.

పోయిన వేసవిలో కాలనీకి మామిడిపళ్ళ బండి వచ్చింది. అమ్మమ్మ కొనలేదు, తినలేదు. "కొత్త చెయ్యలేదుగా" అంది. ఎక్కడ చేద్దాం అమ్మమ్మా, అని అడిగాను. పండుగ చేసే చెట్టు నీటి కింద ఉంది. కాసేపు బండి వెళ్ళిన వైపు చూసి, "పిల్లలకు పెట్టు, నాకొద్దు" అంది.