ఓటమిలోని యభివృద్ధి

గెలుపుదాక పోని యభివృద్ధికి విలువ గలదా? గలదని నోటితో అందఱును చెప్పుదురు. కాని, ఫలానివాడు నిరుటికంటె మేలుగా ఓడినాడని చెప్పినప్పుడు వినువాని పెదవిమీద ఒక చిఱునవ్వు కదలును. మన నిజమైన యభిప్రాయము ఆ చిఱునవ్వులోనే యున్నది. మేలుగా ఓడుట యనగా నేమి? ఓటమి ఓటమియే గదా! ఆ నవ్వు న్యాయమైనదా కాదా యని విచారించుటకు నేనొక పరదేశపు ఆటను, అందును ఒక్క జట్టును తీసికొనుచున్నాను. నీతివిచారమున ఆటల ప్రసంగమేల యని కొందఱనవచ్చును. బ్రదుకులో గెలుపోటములు కలగాపులగమై యుండును. ఏది యెవరిదో తేల్చుట కష్టము. ఆటలోనన్ననో ప్రతిదియు లెక్క వ్రాయబడును. లెక్క యున్నచోట మన మాటలను మనమే పరీక్షించుకొనవచ్చును.

అమెరికావారి బేస్‌బాల్ మన క్రికెట్టునకు దూరపు చుట్టము. ఒకడు బంతి విసరును, ఒకడు కఱ్ఱతో కొట్టును, కొట్టినవాడు పరుగెత్తును. ఆ దేశపు పెద్ద లీగులలో ఒక్కొక్క జట్టు ఏటికి 162 ఆటలు ఆడవలెను. అవి యన్నియు ఆఱు నెలలలో, దాదాపు దినమున కొకటి చొప్పున జరుగును. ఈ ఏర్పాటు వచ్చినపిదప 162 ఆటలును ఆడి 46 కంటె తక్కువ ఓటములతో ఏడు ముగించిన జట్టు ఇంతవరకు లేదు. అనగా అక్కడ మహావీరులుకూడ వారమున కొకటి రెండు మార్లు తలవంచుకొని ఇంటికి పోవలసినదే. అన్నము ఉడికినదో లేదో ఒక్క మెతుకు పట్టిచూచి చెప్పుదుము. దీనిని మన శాస్త్రకారులు స్థాలీపులాకన్యాయ మనిరి. ఈ ఆటకు ఆ న్యాయము చెల్లదు. ఒక్క దినపు ఆట చూచి జట్టు యోగ్యతను నిర్ణయించువాడు మోసపోవును. ఇక్కడ కుండెడన్నమును తినియే తీరవలెను.

మోటారుకార్లకు పేరుపడిన డిట్రాయిట్ నగరమున టైగర్సు అను జట్టు గలదు. 1901 నుండి ఆడుచున్న పాతజట్టు. 1984లో అది దేశవిజేత యైనది. ఆనాటి తుదిపోటీలలో మేటి యాటగాడుగా ఎన్నబడినవాడు అలన్ ట్రామెల్. తరువాత జట్టు దశ తిరిగెను. 1994 మొదలు ఏ యేటను ఓటములకంటె గెలుపులు హెచ్చుగా రాలేదు. 2002 చివర యజమానులు తమ పాత వీరుడైన ట్రామెల్‌నే పిలిచి మేనేజరుగా నియమించిరి. మఱుసటి యేట, అనగా 2003లో, అతని జట్టు మొదటి 9 ఆటలను వరుసగా ఓడెను.

ఆ యేటి కథ నంతయు చెప్పనక్కఱలేదు. సెప్టెంబరు చివర ఇంక 6 ఆటలు మిగిలియుండగా వారి లెక్క 38 గెలుపులు, 118 ఓటములు. 1962లో న్యూయార్క్ మెట్సు అను క్రొత్తజట్టు 120 ఆటలు ఓడి, 1900 తరువాత అంతటి యపకీర్తి మఱియొకరికి లేదనిపించుకొన్నది. టైగర్సు ఇంక రెండు ఓడిన ఆ జట్టుతో సమానులు. మూడు ఓడిన అంతకన్న హీనులు. అట్టి స్థితిలో వారు ఆ 6 ఆటలలో 5 గెలిచిరి. సెప్టెంబరు 27న మిన్నెసోటా ట్విన్సుతో ఆడుచు, 8 పరుగులు వెనుకబడి, తుదకు 9-8గా గెలిచిరి. ట్విన్సు అప్పటికే తమ విభాగమున ప్రథమస్థానము దక్కించుకొని యుండుటచే వారికి ఆ యాటతో పనిలేదన్న మాట నిజమే. కాని టైగర్సునకు మాత్రము పనియేమున్నది? గెలిచినను అడుగుననే, ఓడినను అడుగుననే. ఏడు ముగియునప్పటికి 43 గెలుపులు, 119 ఓటములు.

ఈ ఆటలో ఒక విచిత్రమైన ఆచారమున్నది. తొమ్మండ్రు కలిసి ఓడినను, ఆ ఓటమిని బంతి విసరినవారిలో ఒక్కనిపేర ఖర్చు వ్రాయుదురు. ఉమ్మడి కుటుంబపు అప్పును ఒక్క కొడుకుపేర వ్రాసినట్లన్నమాట. మైక్ మారోత్ అను నెడమచేతి యువకుని పేర ఆ యేడు 21 ఓటములు వ్రాయబడినవి. ఒకడు 20 ఓటములకు చేరుట 1980 తరువాత అదియే మొదలు. అట్టివాని వంతు తప్పించి, ఆ మచ్చ తగులకుండ కాపాడుట అక్కడ తెలియని యుపాయము కాదు. మారోత్ తన వంతును విడిచిపెట్టలేదు. దీనిని మహాత్యాగమని నేననను. జీతము తీసికొనువాడు పనికి వచ్చెను, అంతే. కాని వచ్చినకొలది తన యపకీర్తియే పెరుగునని తెలిసియు ప్రొద్దుననే పనికి వచ్చువారు మనలో ఎందఱు?

2004లో ఈ జట్టు తొలి 3 ఆటలను గెలిచెను. ఏడు ముగియునప్పటికి 72 గెలుపులు, 90 ఓటములు. 29 గెలుపులు హెచ్చినవి. ఐనను అయిదు జట్ల విభాగములో వారిది నాలుగవస్థానమే. పత్రికలోని పట్టికను మాత్రము చూచువానికి ఇది మరల ఓడిన జట్టు. పరుగుల లెక్క చూచిన వేఱొక సంగతి బయటపడును. 2003లో వారు 591 పరుగులు చేసి 928 ఇచ్చిరి. ఆట యొక్కింటికి రెండు పరుగులకు పైబడిన లోటు. 2004లో 827 చేసి 844 ఇచ్చిరి. లోటు 17. ఆఱు నెలలలో, 162 ఆటలలో, 17 పరుగులు!

ఇంతటి మార్పు ఏ దినమున జరిగెనని యడిగిన ఎవరును చూపలేరు. మునుపు నాలుగాటలలో ఇంచుమించు మూడు ఓడువారు, ఇప్పుడు తొమ్మిదింట అయిదు ఓడువారైరి. వారమునకు ఆఱాటలనుకొన్నయెడల, మునుపటికంటె వారమున కొక్క గెలుపు హెచ్చు. అభివృద్ధి యనగా ఇంతియే. వారమంతయు కూర్చుండి చూచినవానికి కూడ ఇది కనబడదు. ఆ వారము ఓటములే హెచ్చుగా కనబడును. ఆడువానికైనను కనబడునా? సంధ్యవేళ ఓడి బట్టలు మార్చుకొనుచున్నవానికి, తాను మెఱుగుపడుచున్నానని చెప్పు సాక్షి యొక్కడును లేడు. సంఘసంస్కారమునకు పూనుకొన్నవారు ఈ స్థితిని ఎఱుగుదురు.

ఇక్కడ ఒక చిక్కున్నది; దానిని దాటవేయుట న్యాయము కాదు. 2004 నాటి జట్టు 2003 నాటి జట్టేనా? యజమానులు ఇవాన్ రోడ్రిగెజ్ అను ప్రసిద్ధుడైన క్యాచరును నాలుగేండ్లకు 4 కోట్ల డాలర్లిచ్చి తెచ్చిరి. సియాటిల్ జట్టునుండి కార్లోస్ గియెన్‌ను తెప్పించుకొనిరి. మఱి కొందఱు క్రొత్తవారును వచ్చిరి. పేరు పాతది, అంగీ పాతది, లోపలి మనుష్యులలో పలువురు వేఱు. ధనమిచ్చి కొనితెచ్చిన గెలుపును అభివృద్ధి యనుట, గోడలకు వెల్లవేయించి ఇల్లు గట్టిపడిన దనుటవంటిది కాదా? ఈ యాక్షేపణలో సగము నేనొప్పుకొందును. ఆ 29 గెలుపులలో డబ్బు తెచ్చినవెన్నో, మనుష్యులు తెచ్చుకొన్నవెన్నో విడదీయుట నాకు సాధ్యము కాదు.

అందుచేత జట్టును విడిచి, రెండేండ్లును ఉన్న మనుష్యులను చూతము. బ్రాండన్ ఇంజ్ అనువాడు 2003లో క్యాచరు. మన వికెట్ కీపరు వంటి పని. ఆ యేడు అతడు కఱ్ఱ పట్టినప్పుడు నూటికి 20 మార్లు మాత్రమే బంతిని సరిగా కొట్టి నిలువగలిగెను. రోడ్రిగెజ్ రాకతో అతని చోటు పోయినది. చోటు పోయినవాడు అలిగి కూర్చుండలేదు. మూడవ బేస్ దగ్గఱను, బయటి మైదానమునను, అవసరమైనప్పుడు పాత చోటునను, ఎక్కడ నిలువుమన్న అక్కడ నిలిచెను. ఆ యేడు నూటికి ఇంచుమించు 29 మార్లు కొట్టెను. జెరెమీ బాండర్మన్ 2003లో ఇరువదేండ్ల పిల్లవాడు. పేర 6 గెలుపులు, 19 ఓటములు. మారోత్ సంగతి పైననే చెప్పితిని. 2004లో ఈ యిరువురి లెక్కయు 11 గెలుపులు, 13 ఓటములు. వారిరువురును ఇంకను ఓడినవారే! కాని 2004 జూలైలో మారోత్ న్యూయార్క్ యాంకీస్‌మీద ఆటంతయు తానే విసరి, వారి కొక్క దెబ్బ మాత్రమే దక్కనిచ్చి గెలిచెను. ఇవి యే యజమానియు కొనితెచ్చినవి కావు.

గెలుపునకు దారితీసినప్పుడే అభివృద్ధికి విలువ యనువారు హ్యూస్టన్ ఆస్ట్రోసు కథను కూడ వినవలెను. ఆ జట్టు 2011, 2012, 2013 సంవత్సరములలో వరుసగా 106, 107, 111 ఆటలు ఓడెను. ఓడుదమని ఆటగాండ్రు ఆడలేదు. కాని యాజమాన్యము పేరుగలవారిని పంపివేసి, వ్యయము తగ్గించుకొని, మున్ముందటి కొఱకు పిల్లలను కూడబెట్టెను. అడుగున నిలిచినవారికి క్రొత్త యాటగాండ్రను ముందుగా కోరుకొను హక్కు అక్కడి నియమములలో ఉండెను. ఓటమి ఒక పెట్టుబడి యైనది. 2014లో వారి లెక్క 70 గెలుపులు, 92 ఓటములు, అనగా టైగర్సు 2004 లెక్కకు రెండే తక్కువ. 2017లో వారు దేశవిజేతలైరి. అయితే ఆ యేడు వారు కెమెరా సాయముతో ఎదిరిజట్టు సంజ్ఞలను దొంగిలించిరని 2020 జనవరిలో విచారణాధికారులు ప్రకటించిరి. యాజమాన్యమునకు 50 లక్షల డాలర్ల జుల్మానా పడెను, మేనేజరు పదవి పోయెను. ఫలమునుబట్టియే విలువకట్టు త్రాసులో ఈ కథ టైగర్సు కథకంటె బరువుగా తూగవలెను. తూగునా? 70, 72 అను రెండంకెలను ప్రక్కప్రక్కన పెట్టి చూచినవానికి ఏది యెట్టిదో తెలియదు. ఎవరు, ఏమి చేసి, ఆ యంకెకు వచ్చిరో తెలియవలెను.

పిల్లలకు చదువు చెప్పువాడను గనుక ఈ మాట నాకు దగ్గఱది. మన పరీక్షలలో 35 మార్కులు గట్టు. నిరుడు 11 వచ్చిన పిల్లవానికి ఈ యేడు 31 వచ్చినను రెండేండ్లును ఒకేమాట చెప్పుదుము: తప్పినాడు. ఈ మాటను గమనింపుడు. పరీక్ష పోవుటకును, దోషము చేయుటకును మన భాషలో ఒకటే క్రియ. 31 వచ్చినవాడు తప్పుచేసినవాని వలెనే తలవంచుకొని ఇంటికి పోవును. ఇంటిలో తండ్రి అట్లే చూచును. వానికి 35 వచ్చినట్లు వ్రాయుడని నేననుట లేదు. గట్టు గట్టే, వైద్యుడును వంతెన కట్టువాడును గట్టు దాటియే రావలెను. ఓడినవానిని మెచ్చుకొన్న బద్ధకము పెరుగునని చెప్పువారి భయమును ఇట్టిదే. కాని, 11 నుండి 31 వఱకు నడచినవాడు బద్ధకస్థుడెట్లగును? 36తో మొదలుపెట్టి 36తోనే నిలిచినవానిని ఆ మాట అనుటకు మనకు నోరు రాదు, వాడు గట్టుకు ఆవలి వాడు గనుక. రాబోవు ఏటనైనను వీడు దాటునని చెప్పి మనలో దయగలవారు వానిని ఓదార్తురు. అక్కడనే నాకు పేచీ. దాటకపోయినచో? ఆ 20 మార్కులును అబద్ధమగునా?

టైగర్సు విషయములో 2005 అట్టి యేడే. 71 గెలుపులు, 91 ఓటములు. ముందటి యేటికంటె ఒకటి తక్కువ. అక్టోబరులో ట్రామెల్‌ను పనినుండి తీసివేసిరి. మూడేండ్లకు అతని పేర 186 గెలుపులు, 300 ఓటములు. 2006లో జిమ్ లేలండ్ అను నింకొక మేనేజరు క్రింద ఆ జట్టు 95 ఆటలు గెలిచి, తమ లీగునకు విజేతయై, సెయింట్ లూయిస్‌తో జరిగిన తుదిపోటీలదాక పోయెను. మారోత్, బాండర్మన్, ఇంజ్ ముగ్గురును ఆ జట్టున నుండిరి. మారోత్ మాత్రము మోచేతి శస్త్రచికిత్స వలన ఆ యేడు చాలభాగము ఆడలేకపోయెను. లేలండ్ సమర్థతను నేను తగ్గించుట లేదు. వృద్ధి యను సంస్కృతపదమే మన నోట వడ్డి యైనది. అసలు పెట్టినవా డొకడు, వడ్డి తీసికొన్నవాడు మఱియొకడు. ట్రామెల్ పేరు 2018లో ఆ యాట కీర్తిమందిరమున చేరినది. అది యతడు ఆడిన ఆటకు, నడపిన జట్టునకు గాదు. ఆ 300 ఓటములు నేటికిని అతని ఖాతాలోనే యున్నవి. 2004కు విలువ 2006 వలననే వచ్చెనని యొప్పుకొన్నచో, ట్రామెల్ చేసిన పనికి ధర కట్టువాడు లేలండ్ కావలసివచ్చును. ఒకని పని మంచిదో చెడ్డదో వాడు వెళ్ళిపోయినపిదప ఇతరులు నిర్ణయించుట నా బుద్ధికి సరిపడదు.

2003లో టైగర్సు తప్పించుకొన్న యపకీర్తి 2024లో చికాగో వైట్ సాక్సునకు వచ్చెను. వారు 121 ఆటలు ఓడి మెట్సు లెక్కను దాటిరి. ఆ 121వ ఓటమి డిట్రాయిట్‌లోనే, టైగర్సు చేతిలోనే కలిగెను; నాడు సెప్టెంబరు 27, ట్విన్సుమీద 9-8గా గెలిచిన దినమునకు సరిగా 21 ఏండ్లు. ఆ రాత్రియే టైగర్సునకు తుదిపోటీలలో స్థానము స్థిరపడినందున నగరమంతయు పండుగ. మఱుసటి యేట, 2025లో, చికాగోవారు 60 గెలిచి 102 ఓడిరి. 19 గెలుపులు హెచ్చినవి. వారమునకు ముప్పాతిక గెలుపైనను పూర్తిగా పడలేదు. 121 ఓడిననాడు ఆ యంగీ తొడిగినవారిలో కొందఱు ఈ 60 గెలుపులలోను ఉండిరి. విభాగపు పట్టికలో వారి జట్టు పేరు ముందటి యేటివలెనే అడుగున అచ్చుపడినది.