బాహుదా తీరమున ఒక దండన

నాపరాతి గనుల నడుమ, పెన్నకు చేరువగా నున్న ఎర్రగుంట్ల సీమలో, గట్టు తగవుతో మొదలై కొడవలి వేటుతో ముగిసిన అన్నదమ్ముల కథలు క్రొత్తవి కావు. జమ్మలమడుగు, ప్రొద్దుటూరు న్యాయస్థానముల వసారాలలో వాయిదాకై వేచియుండు ఫిర్యాదియు ముద్దాయియు ఒక్కొక్కప్పుడు ఒకే తల్లి బిడ్డలు. నేరము రుజువైన పిదప ప్లీడరు విన్నవించు మాటయు తరచుగా నొకటే: "అయ్యా, ఇది ఇంటి గొడవ, పెద్దమనుషులు రాజీ చేసినారు, దయ చూడవలెను." ఈ విన్నపమును త్రోసిపుచ్చుటకు మనసొప్పదు, తలయూపుటకును మనసొప్పదు.

శాంతిపర్వమున, బంధువధచే కుమిలి రాజ్యమొల్లనన్న ధర్మరాజునకు వ్యాసభగవానుడు శంఖలిఖితులను అన్నదమ్ముల కథ చెప్పెను. అన్న లేని వేళ ఆతని ఆశ్రమమున ఫలములు కోసికొని తినిన లిఖితుని జూచి శంఖుడు, అడుగక గైకొనుట చౌర్యమే గాన రాజు కడకేగి దండన వేడుమనెను. సుద్యుమ్న మహారాజు, దండించు నధికారము గలవానికి మన్నించు నధికారమును గలదని విడువబోగా, లిఖితుడు సమ్మతింపక, హస్తములు ఖండింపబడి, అన్నను చేరి వేడుకొనెను. శంఖుడు, నీపై నాకు కోపము లేదని పలికి, బాహుదానదిలో స్నానమాడి పితరులకు తర్పణ మిమ్మని పంపగా, ఆ నీట చేతులు మరల మొలచెను. ఇంత తపోబలము గల నీవు మొదటనే నన్నేల పవిత్రుని చేయవైతివని తమ్ముడడుగ, దండించువాడను నేను గానని అన్న బదులిచ్చెను.

ఆ బాహుద మన యేరేయని రాయలసీమవాసుల నమ్మకము. పింఛతో కలిసి అది చెయ్యేరై, ప్రొద్దుటూరు దాటివచ్చిన పెన్నను దిగువన చేరుచున్నది. చేతులిచ్చిన యేరు గనుక చెయ్యేరైనదని పెద్దలందురు. చేతులు నరకు శిక్షను నేను మెచ్చుట లేదు. నన్ను కదిలించునది ఆ కథలోని క్రమము. అన్న క్షమించెను గాని రాజు పని తాను చేయలేదు; తమ్ముడు అన్న ప్రేమను చూపి శిక్ష తప్పించుకొనలేదు. మన వసారాలలోనో, నేరము చేసినవాడు తనకు కావలసిన దయను దెబ్బతిన్నవారి నోటనే పలికించును. రేపు తిరిగి ఆ యింటి గడపే తొక్కవలసిన కోడలు "మన్నించితిని" అన్నప్పుడు, అది క్షమయో దిక్కులేనితనమో ఎవరు తేల్చవలెను?

1983లో భర్తయు అతని బంధువులును పెట్టు క్రూరహింసను నేరముగా గణించు 498-ఎ సెక్షను భారత శిక్షాస్మృతిలో చేరినది. 2024లో ఆ స్మృతి రద్దగు వరకు ఆ సెక్షను క్రింద మూడేండ్ల వరకు ఖైదు విధింపగలిగిరి; రాజీకి మొదట తావు లేకుండెను. 2003లో మన శాసనసభ సవరణ చేసి, న్యాయస్థానపు అనుమతితో రాజీ కావచ్చుననియు, అయితే అర్జీ పెట్టిన దినము నుండి కనీసము మూడు నెలలు గడువవలెననియు నియమించెను. ఆ మూడు నెలల గడువు పెట్టినవారికి మనుష్యహృదయము తెలియును. కాని ఆ దినములు ఫిర్యాది చేసిన భార్య ఎవరి యింట, ఎవరి కనుసన్నల గడపినదో న్యాయాధిపతి ఆమెను ఒంటరిగా పిలిచి అడుగనిచో ఆ గడువు వ్యర్థమే యయ్యెడిది.

దయకు చోటు లేదనను. 1974లో, ఒక పురుషుని విషయమైన స్పర్ధలో వేరొక స్త్రీని, ఆమె పసిబిడ్డను చంపిన ఆంధ్రప్రదేశ్ యువతి ఉరిశిక్షను సుప్రీం కోర్టు యావజ్జీవ కారాగారముగా మార్చెను. జస్టిస్ కృష్ణయ్యర్ ఆమె ప్రాయమును, మామగారు ఇంటినుండి వెడలగొట్టిన దుఃస్థితిని, చిన్న కొడుకును, ఉరిత్రాటి నీడలో గడచిన కాలమును లెక్కించిరి. ఆ దయ ఆమె మోసిన బరువును చూచి పుట్టినది. హతులు పరిచితులన్న తేలికభావము నుండి కాదు. నిజమునకు చుట్టరికము నేరమును పెంచును. అర్ధరాత్రి పిలిచిన గొంతు తమ్మునిదని నమ్మియే కదా అన్న తలుపు తీయును!

ఒక కొడుకును పోగొట్టుకొని, చంపిన రెండవవానిని విడువుమని మ్రొక్కు తల్లి ఎదుట మాత్రము నా తర్కము తడబడును. చచ్చినవాని మన్నింపు ఆమె చేతిలో లేదు. తన కడుపుకోతయు, ముసలితనపు కూడును ఆమెవే. ఉరిని తప్పించి యావజ్జీవము విధించు న్యాయాధిపతి, హతుని బంధువులు మన్నించిరని గాక, ఈ తల్లి కొఱకు తగ్గించితినని తన తీర్పులో వ్రాయవలెను.